మేతకు మేత

డబ్బా మీద ధర చీటీ ఇంకా ఊడలేదు,
మూడున్నర యూరోలు.
లోపల అరవై దాకా కీచురాళ్ళు
గుడ్ల అట్టల గుంటల్లో
బడి గంట కొట్టే ముందరి పిల్లల్లా
కుదురు లేకుండా.

ఔలు ఊళ్ళో ఒక బడి వంటశాలలో పని నాది.
పగలు నాలుగు వందల కంచాలు.
సాయంత్రం ఇంటికొచ్చి వీటికి
కారట్ తొక్కు సన్నగా తరుగుతాను.
నీళ్ళ గిన్నె పెట్టకూడదు, మునిగి చస్తాయి.
తడి దూది పెడితే రెండో రోజుకి కంపు.
చచ్చినవాటిని ఏ పూటకాపూట ఏరెయ్యాలి,
లేదంటే బతికినవి వాటినే తింటాయి.
ఈ మాట సిల్యకి నేను చెప్పలేదు.
తనే చూసింది.

బల్లి సిల్యది. పేరు నప్పి,
మా భాషలో గుండీ అని.
మచ్చల ఒళ్ళు, కొవ్వు దాచుకున్న లావుపాటి తోక.
కదిలేదే తింటుంది.
చచ్చిన పురుగు ముందు పెడితే
అప్పు అడిగినట్టు మొహం తిప్పుకుంటుంది.

అందుకని ప్రాణంతోనే వెయ్యాలి.
వేసే ముందురోజు వీటికి కడుపునిండా పెట్టాలి,
ఓట్ల పిండి, ఆకుకూర, ఆపిల్ ముక్క.
వీటి పొట్టలో ఏముంటే
అదే దాని పొట్టలోకి.

మా అమ్మమ్మ తూనె ఇంట్లో
పొయ్యి వెనక ఇలకోడి కూసేది.
ఇల్లు మారినప్పుడు దాన్ని అగ్గిపెట్టెలో పెట్టి
రొట్టె తునకతో సహా తీసుకెళ్ళిందట.
ఇప్పుడుంటే అనేది:
"కొనుక్కుంటున్నావా? అదీ బల్లికా?"

జనవరిలో ఒక శనివారం రాత్రి
మైనస్ ముప్పై ఒకటి.
కరెంటు పోయింది.
ముందు బల్లి. ఉన్ని మేజోడులో దూర్చి
సిల్య చొక్కాలోపల పెట్టాం.
తర్వాత ఇంట్లో ఏదో తక్కువైందనిపించింది,
ఏమిటో తెలియడానికి కాసేపు పట్టింది.
డబ్బా పాడటం లేదు.

చలికి పాట ఒక్కసారే ఆగదు.
కూతకీ కూతకీ మధ్య ఎడం పెరుగుతుంది.
ఆ తర్వాత కాళ్ళు ముడుచుకుని
అట్టకి అంటుకుపోతాయి,
ఊదినా కదలవు.

మూడున్నర యూరోలు.
సోమవారం దాకా దుకాణం తెరవరు.
లెక్క అంతే అనుకున్నాను.
లెక్క అంతే అయితే
నా దుప్పటి ఎందుకు కప్పానో మరి.
డబ్బా మా ఇద్దరి మధ్య.
గాలి కన్నాలు మూసుకుపోకుండా
మోచేయి ఎత్తిపెట్టి పడుకున్నాను.
ఊక వాసన, ఎండిన రెట్ట వాసన,
కూతురి జుట్టు వాసన.

మూడింటికో నాలుగింటికో
నా పొట్ట దగ్గర ఒకటి మొదలెట్టింది.
గర్‌ర్. ఆగింది. మళ్ళీ.
"అమ్మా, వచ్చింది" అంది సిల్య నిద్రలో.
కరెంటు అనుకుంది కాబోలు.

అది తొమ్మిదింటికొచ్చింది,
బయట ఇంకా చీకటే.
చాప వేడెక్కడానికి ఒక గంట,
బల్లికి ఆకలి పుట్టడానికి ఇంకో రెండు.
సిల్య సంచిలో కాల్షియం పొడి పోసి పట్టుకుంది.

"రాత్రి పాడింది ఏది?"
"తెలీదు. పాడేవి మగవి.
వెనక సూది ఉన్నవి ఆడవి, అవి పాడవు."
"అయితే సూది ఉన్నవే వేద్దాం."
నేనేమీ అనలేదు.

నిన్నటిదాకా ముట్టుకునేది కాదు,
పట్టకారు పెడితే కాలు ఊడొచ్చేది.
ఇవాళ అరచెయ్యి దొప్ప చేసి
అట్టని దాని మీద మెల్లగా తట్టింది.
ఆరు దొరికాయి.
సంచి ఊపితే
రై పిండిలో దొర్లించిన చిరుచేపల్లా
తెల్లబడ్డాయి.

నప్పి తోక కొస ఆడించింది.
ఒకటి.
చాలాసేపటికి, రెండు.
నాలుగు తిని ఇక చాలంది.

మిగిలినవాటిని అక్కడ వదలకూడదు,
బల్లి నిద్రపోతే దాని వేళ్ళే కొరుకుతాయి.
తెల్ల పొడితో రెండూ తిరిగి డబ్బాలోకి వెళ్ళాయి.
తక్కినవి చుట్టూ మూగి
పొడుగాటి మీసాలతో వాటిని తడిమాయి,
ఎక్కడికెళ్ళొచ్చారని అడిగినట్టు.
సిల్య మూత వేసి
చేతులు కడుక్కోవడానికి వెళ్ళింది,
చాలాసేపు కడుక్కుంది.

రేపు బళ్ళో చేపల సూప్.
కారట్లు చెక్కేటప్పుడు
గుప్పెడు తొక్కు వేరే దాచాలి.